ఉద్యోగ నియామక వ్యాజ్యాలు

ప్రభుత్వ ఉద్యోగాల భర్తీలో తమకు అన్యాయం జరిగిందని అభ్యర్థులు హైకోర్టులోనో ట్రిబ్యునల్‌లోనో వేసే పిటిషన్లను నియామక వ్యాజ్యాలు అంటారు. అర్హత, వయోపరిమితి, స్థానికత, రోస్టర్, ప్రశ్నపత్రం, కీ, మూల్యాంకనం, ఇంటర్వ్యూ, ఎంపిక జాబితా, పోస్టింగ్ వంటి అంశాల్లో ఏదైనా వీటికి కారణం కావచ్చు. హైదరాబాద్ అశోక్‌నగర్ గదుల్లో, చిక్కడపల్లి గ్రంథాలయం మెట్ల మీద, అవనిగడ్డ డీఎస్సీ శిక్షణ కేంద్రాల్లో, నంద్యాల బ్యాంకు కోచింగ్ హాళ్లలో చదువుకునే పిల్లలకు రిట్, స్టే, కౌంటర్, లంచ్ మోషన్, ‘తీర్పు రిజర్వు’ అన్నవి రోజువారీ మాటలైపోయాయి. నోటిఫికేషన్ పడిన రోజు కలిగే సంతోషం వెనకే ‘కోర్టు కేసులు పడకుండా ఉంటే బాగుండు’ అన్న భయమూ వస్తుంది.

కోర్టు ఉద్యోగం ఇవ్వదన్న సంగతిని కోర్టుకెళ్లే అభ్యర్థి ముందుగా గ్రహించాలి. ఉద్యోగం ఇవ్వాల్సిన సంస్థ తాను పెట్టిన నిబంధనలను తాను పాటించిందా, అందరినీ ఒకే కొలతతో కొలిచిందా అన్నది మాత్రమే కోర్టు చూస్తుంది. శంకరసన్ దాష్ కేసులో 1991లో సుప్రీంకోర్టు రాజ్యాంగ ధర్మాసనం ఈ విషయాన్ని తేల్చి చెప్పింది. ఎంపిక జాబితాలో పేరు ఉన్నంత మాత్రాన నియామకం పొందే తిరుగులేని హక్కు పుట్టదు. ఖాళీలన్నీ నింపి తీరాలన్న నియమం ప్రభుత్వానికి లేదు. అయితే నింపకుండా వదిలేయడానికి సరైన కారణం ఉండాలి, అది ఇష్టారాజ్యం కాకూడదు. అభ్యర్థి దృష్టిలో ఇది బతుకు సమస్య, కోర్టు దృష్టిలో ఇది ప్రక్రియకు సంబంధించిన సమస్య. తీర్పులు చేతికందాక కలిగే నిరాశలో చాలాభాగం ఈ తేడా దగ్గరే పుడుతుంది.

రాజ్యాంగ మూలం

రాజ్యాంగం 16వ అధికరణం ప్రభుత్వ ఉద్యోగాల్లో పౌరులందరికీ సమాన అవకాశం ఇస్తుంది. 14వ అధికరణం నిరంకుశ నిర్ణయాలను అడ్డుకుంటుంది. సర్వీసు నిబంధనలు రాసే అధికారం 309వ అధికరణం నుంచి, పబ్లిక్ సర్వీస్ కమిషన్ల ఏర్పాటు 315వ అధికరణం నుంచి వచ్చాయి. వీటిలో దేనికి భంగం కలిగిందన్నా అభ్యర్థి 226వ అధికరణం కింద హైకోర్టులో రిట్ వేయవచ్చు.

ఈ దారిలో తొలి పెద్ద మలుపు మద్రాసు రాష్ట్రంలో వచ్చింది. కోస్తా, రాయలసీమ జిల్లాలు అప్పట్లో ఆ రాష్ట్రంలోనివే. 83 జిల్లా మునసబు పోస్టులను హరిజనులకు 19, ముస్లింలకు 5, క్రైస్తవులకు 6, వెనుకబడిన హిందువులకు 10, బ్రాహ్మణేతర హిందువులకు 32, బ్రాహ్మణులకు 11గా పంచి ‘కమ్యూనల్ జీవో’ ప్రకారం భర్తీ చేయబోయారు. దాన్ని సవాలు చేసిన వెంకటరమణ కేసులో 1951 ఏప్రిల్ 9న సుప్రీంకోర్టు హరిజనులకు, వెనుకబడిన హిందువులకు తప్ప మిగతా వర్గాలకు వాటాలు పంచడం 16వ అధికరణానికి విరుద్ధమంది. అదే రోజు, విద్యాసంస్థల్లో సీట్లకు సంబంధించిన చంపకం దొరైరాజన్ కేసులోనూ తీర్పు వచ్చింది. తొలి రాజ్యాంగ సవరణకు, 15(4) అధికరణానికి ఆ రెండో కేసే దారి తీసింది.

ముల్కీ కేసులు, 371-డి

నియామక వ్యాజ్యం ఒక రాష్ట్ర రాజకీయాలను తలకిందులు చేసి, చివరికి రాజ్యాంగంలో కొత్త అధికరణం చేర్పించిన ఉదాహరణ తెలుగు నేలదే. నిజాం కాలపు 1919 ఫర్మానా ప్రకారం హైదరాబాద్ సంస్థానంలో ఉద్యోగం కావాలంటే ముల్కీ, అంటే స్థానికుడు, అయ్యుండాలి. బయటివారు స్థానికులనిపించుకోవడానికి పదిహేనేళ్ల నివాసం చూపాలి. 1956లో ఆంధ్ర, తెలంగాణ కలిసినప్పుడు తెలంగాణ ఉద్యోగాలకు రక్షణ ఇస్తామని పెద్దమనుషుల ఒప్పందంలో రాసుకున్నారు. 1957లో పార్లమెంటు చేసిన నివాస అర్హత చట్టం ఆ రక్షణకు చట్టబద్ధత ఇవ్వాలని చూసింది.

ఒప్పందం అమలు కావడం లేదన్న బాధతో 1969లో తెలంగాణ ఉద్యమం రగిలింది. స్థానికేతరులను వెనక్కి పంపుతూ ప్రభుత్వం జీవో ఇచ్చింది, వాళ్లు కోర్టుకెళ్లారు. 1969 మార్చి 28న ఎ.వి.ఎస్. నరసింహారావు కేసులో సుప్రీంకోర్టు, 1957 చట్టంలోని 3వ సెక్షన్ తెలంగాణకు వర్తించేంత మేరకు చెల్లదంది. నివాసం షరతును రాష్ట్రం మొత్తానికి పెట్టవచ్చు గానీ రాష్ట్రంలో ఒక భాగానికి మాత్రమే పెట్టడం కుదరదన్నది ఆ తీర్పు సారాంశం. చట్టం పోతే పాత ముల్కీ నిబంధనలు తిరిగి ప్రాణం పోసుకుంటాయా అన్న ప్రశ్న దానివెంటే వచ్చింది. 1972 ఫిబ్రవరిలో హైకోర్టు ఫుల్ బెంచ్ కాదంది. అదే ఏడాది అక్టోబరు 3న సుప్రీంకోర్టు ఔనంది. ఆ తీర్పుతో కోస్తా, రాయలసీమల్లో జై ఆంధ్ర ఉద్యమం భగ్గుమంది. ముఖ్యమంత్రి పి.వి. నరసింహారావు ప్రభుత్వం పోయి 1973 జనవరిలో రాష్ట్రపతి పాలన వచ్చింది.

1973 సెప్టెంబరులో ఆరు సూత్రాల పథకం, దాని వెనుక 32వ రాజ్యాంగ సవరణ, 371-డి అధికరణం, 1975లో రాష్ట్రపతి ఉత్తర్వులు వరసగా వచ్చాయి. రాష్ట్రాన్ని ఆరు జోన్లుగా విభజించారు. జిల్లా స్థాయి పోస్టుల్లో 80 శాతం, జోనల్ పోస్టుల్లో 70 శాతం, పేర్కొన్న కొన్ని గెజిటెడ్ పోస్టుల్లో 60 శాతం స్థానికులకు కేటాయించారు. ఈ వాటాల ఉల్లంఘనను సరిదిద్దడానికి 1985 డిసెంబరు 30న 610 జీవో వచ్చింది. తర్వాతి రెండు దశాబ్దాలు తెలంగాణ ఉద్యోగ సంఘాల నోట నలిగిన అంకె అదే. రాష్ట్ర విభజన తర్వాత తెలంగాణకు 2018లో కొత్త రాష్ట్రపతి ఉత్తర్వులు వచ్చాయి. ఏడు జోన్లు, రెండు మల్టీజోన్లు ఏర్పడ్డాయి, స్థానికుల వాటా 95 శాతమైంది. ఆ సరిహద్దులే మళ్లీ వ్యాజ్యాలకు తావిచ్చాయి. పోలీసు కానిస్టేబుల్ నియామకాల్లో 46 జీవో హైదరాబాద్ పరిసరాలకు ఎక్కువ పోస్టులు పోయేలా చేసి గ్రామీణ జిల్లాల వారికి నష్టం కలిగించిందంటూ అభ్యర్థులు ఏళ్ల తరబడి పోరాడారు.

ట్రిబ్యునల్ ఉన్న రోజులు

సర్వీసు వివాదాలకు ప్రత్యేక వేదిక కూడా 371-డి నుంచే పుట్టింది. ఆంధ్రప్రదేశ్ అడ్మినిస్ట్రేటివ్ ట్రిబ్యునల్ 1976లో పని ప్రారంభించింది. కేంద్ర ఉద్యోగాల కోసం 1985లో వచ్చిన కేంద్ర ట్రిబ్యునల్ కంటే ఇది తొమ్మిదేళ్లు పెద్దది. అయితే ట్రిబ్యునల్ ఇచ్చిన ఉత్తర్వును రాష్ట్ర ప్రభుత్వమే మార్చవచ్చు, రద్దు చేయవచ్చు అన్న ఒక విడ్డూరమైన నిబంధన 371-డి(5)లో ఉండేది. కేసు ఓడిన పక్షమే తీర్పు కొట్టేయగలిగే ఈ ఏర్పాటును 1986 డిసెంబరులో పి. సాంబమూర్తి కేసులో సుప్రీంకోర్టు రాజ్యాంగ విరుద్ధమంది. 1997లో ఎల్. చంద్రకుమార్ కేసు, ట్రిబ్యునళ్ల ఉత్తర్వులపై హైకోర్టు ధర్మాసనానికి వెళ్లే హక్కును తిరిగి తెచ్చింది. తెలంగాణ 2016లో ట్రిబ్యునల్ వద్దనుకుంది, కొన్నేళ్లకు ఆంధ్రప్రదేశ్ కూడా అదే దారి పట్టింది. పెండింగు కేసులన్నీ హైకోర్టులకు చేరాయి. ఈ నిర్ణయం తొందరపాటని నా అభిప్రాయం. ట్రిబ్యునల్‌లో జాప్యం ఉండేది, నిజమే. కానీ సర్వీసు నిబంధనలు తప్ప వేరే పని లేని ఒక వేదిక పోయి, ఆ భారం అసలే కిక్కిరిసిన హైకోర్టుల మీద పడింది.

కీలో తప్పు

నేడు దాఖలయ్యే వ్యాజ్యాల్లో ఎక్కువగా వినిపించేది ‘కీ’, అంటే పరీక్ష పెట్టిన సంస్థ ఇచ్చే సరైన జవాబుల పట్టిక. పాతికమంది వెంటపడే పోస్టుకు ఒక్క మార్కు తేడాతో వందల ర్యాంకులు మారిపోతాయి కాబట్టి ప్రతి ప్రశ్నా ఒక కేసే. 1983లో కాన్పూర్ విశ్వవిద్యాలయం కేసులో సుప్రీంకోర్టు పెట్టిన గీటురాయినే ఇప్పటికీ వాడుతున్నారు. కీ సరైనదేనని ముందుగా భావించాలి. సుదీర్ఘ తర్కంతో లాగి తెచ్చిన తప్పు చాలదు, ఆ విషయంలో చదువుకున్న వారెవరూ కాదనలేనంత స్పష్టమైన తప్పు కనిపించాలి. 2017 డిసెంబరులో రణ్‌విజయ్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు ఇంకాస్త గట్టిగా మాట్లాడింది. న్యాయమూర్తులు విషయ నిపుణులు కారు, అనుమానం వస్తే ఆ ప్రయోజనం పరీక్ష నిర్వహించిన సంస్థకే దక్కాలంది.

తప్పు తేలినప్పుడు ఏం చేయాలన్నది ఇంకా కష్టమైన ప్రశ్న. బిహార్ జూనియర్ ఇంజినీర్ల పరీక్షలో నూటికి 41 జవాబులు తప్పని నిపుణులు తేల్చారు. 2013లో రాజేశ్ కుమార్ కేసులో సుప్రీంకోర్టు పరీక్ష రద్దు చేయకుండా సరైన కీతో పేపర్లు మళ్లీ దిద్దించింది, అప్పటికే కొన్నేళ్లుగా పనిచేస్తున్నవారిని వాళ్ల తప్పేమీ లేదని ఉంచేసింది. ఇరుపక్షాల బాధనూ పట్టించుకున్న తీర్పుగా దీన్ని నేను గౌరవిస్తాను.

తెలుగు రాష్ట్రాల్లో దీనికి ఇంకో పొర ఉంది. ప్రశ్న ఇంగ్లిషులో ఒక అర్థాన్నీ తెలుగు అనువాదంలో ఇంకో అర్థాన్నీ ఇస్తుంటుంది. తెలుగు మాధ్యమంలో చదివిన పల్లెటూరి పిల్లవాడు నష్టపోయేది అక్కడే. 2011 నాటి ఉమ్మడి రాష్ట్ర గ్రూప్-1 ప్రిలిమ్స్‌లో కీ తప్పుల వివాదం సుప్రీంకోర్టు దాకా వెళ్లింది. 2013లో కోర్టు మెయిన్స్ మళ్లీ పెట్టమంది. ఆ మెయిన్స్ జరిగింది 2016లో. అప్పటికి రాష్ట్రమే రెండయింది.

ఆట మధ్యలో నిబంధనలు

నియామక న్యాయశాస్త్రంలో దేశమంతా ఉటంకించే ఒక సూత్రానికి పుట్టిల్లు ఆంధ్రప్రదేశ్. పది జిల్లా జడ్జి పోస్టుల భర్తీలో, రాతపరీక్షా ఇంటర్వ్యూలూ పూర్తయ్యాక, ఇంటర్వ్యూలో కనీస మార్కులు రావాలన్న షరతును హైకోర్టు పాలనా విభాగం చేర్చింది. దాంతో జాబితా మారిపోయింది. 2008లో మంజుశ్రీ కేసులో సుప్రీంకోర్టు, ఆట మొదలయ్యాక దాని నిబంధనలు మార్చడం చెల్లదంది. న్యాయం చెప్పే సంస్థే నియామకాల్లో పొరపాటు చేసి తీర్పుకు తల వంచాల్సి వచ్చింది గనుక ఈ కేసుకు నైతిక బలం ఎక్కువ. 2024 నవంబరు 7న తేజ్ ప్రకాశ్ పాఠక్ కేసులో అయిదుగురు న్యాయమూర్తుల ధర్మాసనం ఈ సూత్రాన్ని నిలబెట్టింది. నిబంధనలు అనుమతిస్తే తప్ప మధ్యలో మార్పులు కుదరవు, అనుమతించినా ఆ మార్పు ఇష్టారాజ్యంగా ఉండకూడదు అని చెప్పింది.

రిజర్వేషన్ల చిక్కుముళ్లు

1992 ఇంద్రా సాహ్నీ తీర్పు 50 శాతం పరిమితి పెట్టింది, క్రీమీలేయర్‌ను తెచ్చింది, కులాల వారీ (నిలువు) రిజర్వేషన్లను మహిళలు, వికలాంగుల వంటివారి (అడ్డ) రిజర్వేషన్ల నుంచి వేరు చేసింది. ఈ మూడోది మన రాష్ట్రాల్లో చాలాకాలం సరిగా అమలు కాలేదు. మహిళలకు మూడోవంతు పోస్టులు అంటే రోస్టర్‌లో ఫలానా పాయింట్లు వారివేనని ముందే గీసేయడమా, లేక ప్రతిభతో వచ్చిన మహిళలను ముందు లెక్కించి తగ్గితేనే భర్తీ చేయడమా? రెండోదే సరైన పద్ధతని 2007లో రాజేశ్ కుమార్ దరియా కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. ఆంధ్రప్రదేశ్ 2023లో, తెలంగాణ 2024లో ఉత్తర్వులిచ్చి దారికి వచ్చాయి. తీర్పుకూ ఈ ఉత్తర్వులకూ మధ్య ఎన్ని జాబితాలు ఆగిపోయాయో ఆ తరం అభ్యర్థులను అడగాలి.

ఏజెన్సీ ప్రాంతాల్లో టీచరు పోస్టులన్నీ స్థానిక గిరిజనులకే ఇవ్వాలన్న 2000 నాటి 3వ నంబరు జీవోను 2020 ఏప్రిల్ 22న చేబ్రోలు లీలాప్రసాదరావు కేసులో సుప్రీంకోర్టు కొట్టేసింది. వంద శాతం రిజర్వేషన్ సమానత్వానికి విరుద్ధమంటూనే, అప్పటికే జరిగిన నియామకాలను షరతుతో కాపాడింది. కొండల్లోని బడికి బయటి ఉపాధ్యాయుడు రోజూ రాకపోతే ఏమవుతుందో తెలిసినవారికి ఆ జీవో ఎందుకు పుట్టిందో తెలుసు. తీర్పు తర్వాత ఆ ప్రయోజనాన్ని వేరే దారిలో నెరవేర్చాల్సిన బాధ్యత ప్రభుత్వాల మీద పడింది. ఎస్సీ కోటాను ఉపకులాల మధ్య పంచే వర్గీకరణ కథ కూడా ఇక్కడిదే. ఆంధ్రప్రదేశ్ చట్టాన్ని 2004లో ఇ.వి. చిన్నయ్య కేసు కొట్టేస్తే, 2024 ఆగస్టు 1న ఏడుగురు న్యాయమూర్తుల ధర్మాసనం 6-1 తేడాతో ఆ తీర్పును తోసిపుచ్చింది.

గ్రూప్-1 ఉదంతం

తెలంగాణ ఏర్పడ్డాక తొలి గ్రూప్-1 నోటిఫికేషన్ 2022 ఏప్రిల్ 26న 503 పోస్టులతో వచ్చింది. అక్టోబరు 16న ప్రిలిమ్స్ జరిగాయి. ప్రశ్నపత్రాల లీకేజీ బయటపడి 2023 మార్చి 17న పబ్లిక్ సర్వీస్ కమిషనే పరీక్ష రద్దు చేసింది. జూన్ 11న మళ్లీ పెట్టారు. నోటిఫికేషన్‌లో చెప్పిన బయోమెట్రిక్ హాజరు తీసుకోలేదన్న కారణంతో సెప్టెంబరు 23న హైకోర్టు సింగిల్ జడ్జి ఆ పరీక్షనూ రద్దు చేశారు, నాలుగు రోజులకే ధర్మాసనం దాన్ని సమర్థించింది. చదివిన పిల్లలు ఏ తప్పూ చేయలేదు, వేలిముద్ర తీసుకోవాల్సినవారు తీసుకోలేదు.

ఎన్నికల తర్వాత 2024 ఫిబ్రవరిలో పాత నోటిఫికేషన్ ఎత్తేసి 563 పోస్టులతో కొత్తది ఇచ్చారు. మెయిన్స్‌కు ఎంపిక విధానాన్ని మార్చిన 29వ నంబరు జీవో మీద అక్టోబరులో అశోక్‌నగర్ వీధులు ఉడికిపోయాయి. సుప్రీంకోర్టు పరీక్షను ఆపలేదు. 2025 సెప్టెంబరు 9న సింగిల్ జడ్జి ర్యాంకుల జాబితాను రద్దు చేసి పేపర్లు మళ్లీ దిద్దమన్నారు, లేదంటే ఎనిమిది నెలల్లో మెయిన్స్ మళ్లీ పెట్టమన్నారు. సెప్టెంబరు 24న ధర్మాసనం ఆ తీర్పును నిలిపేసి, నియామకాలు తుది తీర్పుకు లోబడి ఉంటాయంది. మూడు రోజుల తర్వాత అభ్యర్థులు నియామక పత్రాలు అందుకున్నారు.

ఆంధ్రప్రదేశ్‌లో 2018 గ్రూప్-1కు ఇంకో రకం చిక్కు వచ్చింది. మెయిన్స్ పేపర్లను డిజిటల్‌గా దిద్దడాన్ని 2021 అక్టోబరులో హైకోర్టు తప్పుబట్టి చేత్తో దిద్దమంది. ఆ దిద్దుబాటు రెండుసార్లు జరిగిందన్న ఆరోపణ మీద 2024 మార్చి 13న సింగిల్ జడ్జి మెయిన్స్‌నే రద్దు చేశారు. అప్పటికే ఉద్యోగాల్లో ఉన్నవారు అప్పీలుకు వెళ్తే ధర్మాసనం స్టే ఇచ్చింది.

అవకతవకలు ఏ మేరకు ఉంటే మొత్తం రద్దు చేయాలి? మరక అంటినవారిని, అంటనివారిని విడదీయగలిగితే విడదీయాలి, అది సాధ్యం కానప్పుడే అంతా రద్దు చేయాలి అన్నది స్థిరపడిన సూత్రం. 2025 ఏప్రిల్ 3న పశ్చిమ బెంగాల్ పాఠశాల నియామకాల్లో 25 వేలకు పైగా ఉద్యోగాలు పోయింది ఈ విభజన అసాధ్యమైపోయినందువల్లే. ఓఎంఆర్ షీట్లు భద్రపరచకపోతే నిజాయితీపరుడికి కూడా రక్షణ ఉండదని ఆ కేసు చూపింది.

పిటిషన్ నడక

అభ్యర్థులు సాధారణంగా పదిమందో యాభైమందో కలిసి, తలా కొంత వేసుకుని న్యాయవాదిని పెట్టుకుంటారు. పిటిషన్‌తో పాటు అఫిడవిట్, నోటిఫికేషన్ ప్రతి, హాల్‌టికెట్, కమిషన్‌కు ఇచ్చిన వినతిపత్రం జతచేస్తారు. రేపే పరీక్ష అయితే లంచ్ మోషన్, సెలవు రోజైతే హౌస్ మోషన్ ఉంటాయి. ప్రభుత్వం తరఫున ప్రభుత్వ న్యాయవాది (జీపీ), కమిషన్ తరఫున స్టాండింగ్ కౌన్సిల్ కౌంటర్ వేస్తారు. ఒకే అంశం మీద వచ్చినవన్నీ ఒక బ్యాచ్‌గా వింటారు. సింగిల్ జడ్జి తీర్పు మీద రిట్ అప్పీలు ధర్మాసనానికి, ఆపై ప్రత్యేక అనుమతి పిటిషన్ సుప్రీంకోర్టుకు వెళ్తాయి.

చాలా పిటిషన్లు మంచి వాదన ఉండి కూడా గడప దగ్గరే పడిపోతాయి. సర్వీసు విషయాల్లో ప్రజాప్రయోజన వ్యాజ్యం చెల్లదు, నష్టపోయినవారే రావాలి. ఎంపికైనవారి ఉద్యోగం పోయేలా కోరుతూ వారిని ప్రతివాదులుగా చేర్చకపోతే కేసు నిలవదు. ఆలస్యంగా వచ్చినా కష్టమే. అన్నిటికంటే ఎక్కువ మందిని ముంచేది, అభ్యంతరం చెప్పకుండా పరీక్ష రాసి, ఫలితం వచ్చాక నోటిఫికేషన్ తప్పనడం. 1995లో మదన్‌లాల్ కేసు నుంచి కోర్టులు దీన్ని ఒప్పుకోవడం లేదు. తప్పు రాజ్యాంగ విరుద్ధమైనంత పెద్దదైతే మాత్రం ఈ అడ్డు ఉండదని 2019లో మీతా సహాయ్ కేసు కొంత ఊరటనిచ్చింది.

సాక్ష్యం సంపాదించే దారి 2011 ఆగస్టులో తెరుచుకుంది. సీబీఎస్‌ఈ కేసులో సుప్రీంకోర్టు, అభ్యర్థి తన జవాబుపత్రాన్ని సమాచార హక్కు కింద చూడవచ్చంది. యూపీఎస్సీ సివిల్స్ మార్కుల విషయంలో మాత్రం 2018లో వెనకడుగు వేసింది. కొన్నిసార్లు కోర్టే కొలబద్ద పట్టుకుంటుంది. 2023లో ఎస్సై అభ్యర్థులు ఎత్తు కొలతల్లో అన్యాయం జరిగిందంటే ఆంధ్రప్రదేశ్ హైకోర్టు తన సమక్షంలోనే మళ్లీ కొలిపించింది.

గెలిచాక మిగిలేది

1998 డీఎస్సీ (ఉపాధ్యాయ నియామక పరీక్ష) రాసి, కనీస మార్కుల తగ్గింపు వివాదంలో ఉద్యోగం అందనివారు ట్రిబ్యునల్, హైకోర్టు, సుప్రీంకోర్టుల చుట్టూ తిరిగారు. 2022లో ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం వాళ్లకు మినిమం టైం స్కేలు మీద కాంట్రాక్టు కొలువులకు ఒప్పుకుంది. ఇరవై నాలుగేళ్లు గడిచాయి. యాభైలు దాటినవారు, కూలికి వెళ్తున్నవారు, చీరలు మూట గట్టుకుని అమ్ముకుంటున్నవారు తొలిసారి సుద్దముక్క పట్టుకున్నారు. కొందరు ఆ రోజు దాకా బతకలేదు. 2008 డీఎస్సీలో డీఎడ్ వారికి 30 శాతం కేటాయించడంతో పోస్టులు పోగొట్టుకున్న బీఎడ్ అభ్యర్థులకు కూడా రెండు రాష్ట్రాల్లోనూ ఏళ్ల తర్వాత దక్కినవి కాంట్రాక్టు పోస్టులే.

గెలుపు సాధారణంగా నోషనల్ సీనియారిటీగా వస్తుంది. ఫలానా తేదీ నుంచి ఉద్యోగంలో ఉన్నట్టు లెక్క, జీతం మాత్రం చేరిన రోజు నుంచే. ఆ తేదీ ఎంత విలువైందో 2003 డీఎస్సీ ఉపాధ్యాయులను చూస్తే తెలుస్తుంది. నోటిఫికేషన్ వచ్చినప్పుడు పాత పెన్షన్ విధానమే ఉంది. 2004 సెప్టెంబరు 1 నుంచి చేరినవారికి కాంట్రిబ్యూటరీ పెన్షన్ పథకం (సీపీఎస్) వర్తిస్తుందని ప్రభుత్వం తేల్చింది. ఎంపిక ప్రక్రియ సాగి సాగి వాళ్లు 2005 చివర్లో బడుల్లో చేరారు. తమకు పాత పెన్షనే వర్తించాలని, లెక్కలోకి తీసుకోవాల్సింది చేరిన తేదీ కాదు, నోటిఫికేషన్ తేదీ అని రెండు దశాబ్దాలుగా వినతిపత్రాలూ పిటిషన్లూ ఇస్తూ వచ్చారు.